ఆర్డర్ కాపీ అందలేదట!

నాలుగు వారాల్లో పింఛను బకాయిలు కట్టండి అని హైకోర్టు చెబితే 14 నెలలు కదల్లేదు. ఇవాళ కంటెంప్ట్ (కోర్టు ధిక్కార) కేసు పిలుపుకొచ్చే గంట ముందు చెల్లింపు ప్రొసీడింగ్స్ పుట్టుకొచ్చాయి. వెంట రెండు పేజీల అఫిడవిట్, "ఆలస్యానికి బేషరతు క్షమాపణ". కేసు క్లోజ్. ఆ 14 నెలలు ముసలాయన మందులు ఎలా కొనుక్కున్నాడో ఎవరికి కావాలి?

కోర్టు ధిక్కారానికున్నది 1971 నాటి చట్టం. సెక్షన్ 12 కింద గరిష్ఠంగా ఆరు నెలల సాధారణ జైలు, 2,000 రూపాయల జరిమానా. అవును, రెండు వేలే! మోటారు వాహనాల చట్టంలో ఇన్సూరెన్స్ లేకుండా తొలిసారి దొరికిన బండికీ అంతే.

ఉత్తర్వు అమలుకిచ్చే గడువు సాధారణంగా కాపీ అందిన రోజు నుంచి లెక్క. కాబట్టి సర్టిఫైడ్ కాపీని ఆ ఆఫీసులో ఉత్తరాలు తీసుకునే టపాలు సెక్షన్లో ఇచ్చి, మీ దగ్గరున్న కాపీ మీద తేదీ, ఇన్‌వర్డ్ నంబరుతో ముద్ర కొట్టించుకోండి. రిజిస్ట్రేషన్‌తో స్పీడ్ పోస్టులో ఇంకోటి పంపండి. ముద్ర లేదా, "కాపీయే రాలేదు". ఉందా, "ఫైలు ఫైనాన్స్‌లో ఉంది". కంటెంప్ట్ కేసులో అధికారిని పేరుపెట్టి చేరుస్తాం కదా, ఈలోగా ఆయనకి బదిలీ. కొత్తాయన "మొన్ననే చేరాను" అంటాడు. ఆయన్ని చేర్చడానికి మళ్లీ పిటిషన్. కంటెంప్ట్ వేయడానికి సెక్షన్ 20 పెట్టిన ఏడాది గడువు మాత్రం మన నెత్తిమీదే, ఒక్కరోజు దాటినా తలుపు మూత. సర్కారువారికేం? కంటెంప్ట్ నోటీసు అందాక తీరిగ్గా అసలు ఉత్తర్వు మీద రిట్ అప్పీలు, దానికి ఆలస్యాన్ని మన్నించమంటూ డిలే కండోనేషన్ పిటిషన్. స్టే లేకుండా ఉత్తర్వు ఆగదని లా చదివే పిల్లాడికీ తెలుసు. అయినా "అప్పీలు వేశాం" అంటే ఇంకో వాయిదా.

శిక్షలు పడట్లేదా అంటారు. 2022 మార్చిలో, బడి ఆవరణల్లో సచివాలయాలు పెట్టొద్దన్న ఆదేశం అమలు చేయని కేసులో ఏపీ హైకోర్టు నుంచి ఎనిమిది మంది ఐఏఎస్‌లకు రెండు వారాల జైలు పడింది. క్షమాపణ చెప్పగానే అది హాస్టళ్లలో నెలకో ఆదివారం సేవ అయింది. 2025 మేలో, హైకోర్టు ఆదేశాన్ని కాదని గుంటూరులో గుడిసెలు కూల్చిన కేసులో మాత్రం సుప్రీంకోర్టు డిప్యూటీ కలెక్టర్‌ని తహసీల్దారుగా దించి, లక్ష జరిమానా వేసింది. కుర్చీకి తగిలితేనే వీళ్లకి నొప్పి.

అసలు నా కడుపుమంట ఇంకోటుంది. "పరిశీలించి తగు ఉత్తర్వులివ్వండి" అనే ఆ దిక్కుమాలిన ఆర్డరు! "పరిశీలించాం, కుదరదు" అని ఒక కాగితం పారేస్తే అమలైపోయినట్టే. ఆ కాగితం తప్పైనా కంటెంప్ట్ నిలవదు, దానిమీద కొత్త రిట్ వేసుకోవాల్సిందే. 1996 నుంచీ సుప్రీంకోర్టు మాట ఇదే. ఇది తెలిసీ అడ్మిషన్ రోజే, అంటే కేసు తొలిసారి విచారణకొచ్చిన రోజే, "కనీసం కన్సిడర్ చేయమనండి మిలార్డ్" అని చేతులు కట్టుకునే లాయర్లూ, బయటికొచ్చి క్లయింటుకి "గెలిచాం" అని ఫోన్ కొట్టేదీ మీరే కదా! పిటిషన్లో కోర్టుని కోరే ప్రేయర్‌లో "చెల్లించాలి" అని రాసి, లోపల "పరిశీలించాలి"కి ఎందుకు దిగుతారండీ?