కనబడుట లేదు

వరలక్ష్మీ వ్రతానికి పది రోజుల ముందు మా ఇంటి కంప్యూటర్‌లో సి డ్రైవ్ నిండిపోయి ఎర్రబడింది. ఎర్రగా ఏది కనిపించినా దాన్ని శుభ్రం చేసేదాకా నాకు నిద్ర పట్టదు. మా ఆవిడకు నా శుభ్రమంటేనే నిద్ర పట్టదు.

ప్రోగ్రాముల జాబితా తెరిచాను. మైక్రోసాఫ్ట్ విజువల్ సి ప్లస్ ప్లస్ 2005 అట. దాని కిందే 2008, 2010, 2012, 2013, ఆఖరున 2015-2022. అదీ ఒక్కోటి రెండేసి. ఒకదానికి ఎక్స్86 అని, ఇంకోదానికి ఎక్స్64 అని తోకలు. పోయినేడాది క్యాలెండరే గోడకు ఉంచని ఇల్లు మాది, 2005 నాటి సరుకు మాకెందుకు? వరసపెట్టి అన్నీ పీకేశాను. ఇంతా చేస్తే ఖాళీ అయిన చోటు పెళ్ళి వీడియోలో అప్పగింతలకు కూడా సరిపోదు. అయినా చేతులు దులుపుకుని కాఫీ అడిగాను.

మా ఆవిడ జాకెట్ల మీద మిషన్ ఎంబ్రాయిడరీ చేస్తుంది. డిజైన్ కంప్యూటర్‌లో తయారుచేసుకుని, పెన్‌డ్రైవ్‌తో మిషన్‌కి ఎక్కిస్తుంది. వ్రతానికి 14 జాకెట్లు ఒప్పుకుంది. మర్నాడు పొద్దున్నే సిస్టమ్ ముందు కూర్చుని, "ఏవండీ, ఎవరో తప్పిపోయారట, చూడండి" అంది.

చూశాను. 'ఎంఎస్‌వీసీపీ140.డీఎల్‌ఎల్ కనబడలేదు, కాబట్టి ముందుకు సాగలేను' అని ఇంగ్లీషులో ఉంది. ఓకే నొక్కితే రెండో ప్రకటన: వీసీరన్‌టైమ్140.డీఎల్‌ఎల్ కూడా లేదు. అన్నదమ్ములిద్దరూ కలిసే వెళ్ళారన్నమాట. పేపర్లో అయితే చామనఛాయ, గళ్ళ చొక్కా, ఆచూకీ తెలిపినవారికి తగిన బహుమతి అని రాస్తారు. ఇక్కడ అవేం లేవు. 'మళ్ళీ ఇన్‌స్టాల్ చేస్తే బాగుపడొచ్చు' అని మాత్రం ఉంది. ఆ సలహా వినుంటే ఈ కథ ఇక్కడితో అయిపోయేది.

విండోస్ ఫైళ్ళను తనిఖీ చేసే మంత్రం ఒకటి నాకు ఎప్పటినుంచో వచ్చు. అడ్మిన్‌గా కమాండ్ ప్రాంప్ట్ అనే నల్ల కిటికీ తెరిచి ఎస్ఎఫ్‌సీ, ఖాళీ, గీత, స్కాన్‌నౌ కొట్టాను. నూరు శాతం దాకా లెక్కపెట్టి, అంతా భేషుగ్గా ఉందని చెప్పింది. అది విండోస్ సొంత ఫైళ్ళనే చూస్తుందని, నేను పీకినవి దాని లెక్కలో లేవని నాకప్పుడు తెలీదు.

ఇక నెట్‌లో పడ్డాను. డీఎల్‌ఎల్ ఫైళ్ళు ఉచితంగా ఇస్తామనే ఒక సైటు దొరికింది. డౌన్‌లోడ్ బటన్లు నాలుగున్నాయి, అందులో మూడు ప్రకటనలే. 32-బిట్ కావాలా, 64-బిట్ కావాలా అని అడిగింది. ఫైలు పెట్టాల్సిన ఫోల్డర్ పేరు సిస్టమ్32. మరి 32 కాక ఇంకేం తీసుకుంటాం? నా తెలివికి నేనే మురిసిపోతూ రెండు ఫైళ్ళూ దించి అందులో పడేశాను.

ఈసారి ప్రకటన మారింది. ఓ ఎర్రర్ నంబరు: సున్నా, ఎక్స్, సి, ఐదు సున్నాలు, ఏడు, బి. "దొరికారా?" అంది మా ఆవిడ. "దొరికారు గానీ వేరేవాళ్ళు" అన్నాను.

హైదరాబాదులో ఉన్న మా మేనల్లుడికి ఫోన్ చేశాను. అంతా విని చాలాసేపు మాట్లాడలేదు. లైన్ కట్టయిందేమో అనుకున్నాను.

"మామయ్యా, 64-బిట్ విండోస్‌లో సిస్టమ్32లో ఉండేవి 64-బిట్ ఫైళ్ళు. 32-బిట్‌వి సిస్‌వావ్64 అనే ఫోల్డర్లో ఉంటాయి."

మా ఊళ్ళో ఆరడుగుల మనిషిని పొట్టిబాబు అని పిలిచేవాళ్ళు. సరిగ్గా అలాగన్నమాట.

డీఎల్‌ఎల్ అంటే ఏమిటో కూడా వాడే చెప్పాడు. విన్నాక తెనాలిలో మా అమ్మమ్మగారి పెంకుటిల్లు గుర్తొచ్చింది. మూడు వాటాలకీ పెరట్లో ఒకటే రుబ్బురోలు. ఎవరి పప్పు వాళ్ళు నానబోసుకుని తెచ్చుకునేవారు, రోలు మాత్రం ఎవరూ మోసుకొచ్చేవారు కాదు. ప్రోగ్రాములూ అంతే, అందరికీ పనికొచ్చే పనిముట్లు ఒకచోట ఉంటే ఎవరికి కావాల్సినప్పుడు వాళ్ళు వాడుకుంటాయి. 1985లో వచ్చిన మొదటి విండోస్‌కి 256 కేబీ మెమరీ ఉంటే చాలన్నారట. ఆ ఇరుకులో ఇంటికో రోలంటే ఎక్కడ పెడతారు? నేను చేసిందేమిటంటే, నాకు పప్పు రుబ్బే పని లేదు కదా అని రోలు పెకలించి బయట పారేశాను. ఆపైన దారినపోయేవాడి దగ్గర కొలత కుదరని పొత్రం తెచ్చి పెట్టాను.

"ముందు ఆ రెండు ఫైళ్ళూ తీసెయ్. యాంటీవైరస్ స్కాన్ పెట్టు. అలాంటి సైట్లలో ఫైలుతో పాటు ఏమొస్తుందో చెప్పలేం" అన్నాడు. తర్వాత మైక్రోసాఫ్ట్ సైటు నుంచే విజువల్ సి ప్లస్ ప్లస్ రీడిస్ట్రిబ్యూటబుల్, అంటే నేను పీకేసిన డీఎల్‌ఎల్‌ల మూట, 32-బిట్‌కి ఎక్స్86 ఒకటి, 64-బిట్‌కి ఎక్స్64 ఒకటి దింపించాడు. 2015 నుంచి 2022 దాకా అన్నిటికీ ఆ ఒక్క ప్యాకేజీ చాలట. ఇన్‌స్టాల్ చేసి రీస్టార్ట్ కొట్టాను. తెర మీద నెమలి విప్పారింది. మా ఆవిడ నా వైపు చూడకుండా దారం రంగులు ఎంచుకోవడం మొదలెట్టింది.

"2013, అంతకు ముందువి విడివిడిగా వేసుకోవాలి మామయ్యా" అని మేనల్లుడు చెబుతూనే ఉన్నాడు. పనైపోయింది కదా అని ఫోన్ పెట్టేశాను.

వ్రతం అయిన నాలుగో రోజు మా మామగారు వచ్చి, మనవడి పేరు మీద జాతకం తియ్యమన్నారు. పాత జాతకం ప్రోగ్రామ్ మీద నొక్కాను. ఎంఎస్‌వీసీఆర్100.డీఎల్‌ఎల్ కనబడుట లేదు.

వంటింట్లోంచి గరిటె చప్పుడు ఆగింది.

"ఈసారి ఎవరట?"

"2010లో పుట్టినవాడు" అన్నాను.