విభూతి చేతిలో గరిటె ఉంటే నవ్వెందుకు?

హిందీ కామెడీ సీరియల్ ‘భాభీజీ ఘర్ పర్ హై’ పేరెత్తితే చాలామంది మొహం చిట్లిస్తారు. ఒకరి భార్య మీద ఒకరు కన్నేసిన ఇద్దరు ఇరుగుపొరుగు మగాళ్ల కథ, పిల్లలతో కూర్చుని ఎలా చూస్తామంటారు. 2015 మార్చి 2న ‘అండ్ టీవీ’ ఛానెల్‌లో మొదటి ఎపిసోడ్ వచ్చినప్పటి నుంచీ ఇదే ఫిర్యాదు. నా బాధ వేరు.

ఆ చూపులను నేను వెనకేసుకురావడం లేదు. కానీ ఈ కథ జరిగే కాన్పూర్ మోడర్న్ కాలనీలో ఆ ఇద్దరి వెకిలితనం ప్రతిసారీ బెడిసికొడుతుంది. నవ్వులపాలయ్యేది వాళ్లే. అంతవరకు రచయిత మనోజ్ సంతోషి లెక్క సరిగానే ఉంది.

లెక్క తప్పింది వంటింట్లో. ఆ ఇద్దరిలో లోదుస్తుల వ్యాపారి తివారీ సంపాదిస్తాడు కాబట్టి మగాడు. రెండోవాడు విభూతి, ఇన్సూరెన్స్ పని కలిసిరాక ఇంట్లో ఉంటాడు. భార్య అనిత గ్రూమింగ్ క్లాసులు చెప్పి ఇల్లు నడుపుతుంది, అతను ఇంటి పని చూసుకుంటాడు. అందుకే తివారీ నోట అతను ‘నల్లా’, అంటే పనీపాటా లేనివాడు. పొద్దున్నుంచి ఇంటి పని చేసేవాడికి పని లేదట! విభూతిగా వేసిన ఆసిఫ్ షేక్ గొప్ప నటుడు, ఆ పాత్రకు ప్రాణం పోశాడు. అందుకే ఈ వేళాకోళం మరింత సులువుగా మనసులోకి దిగిపోతుంది.

ఇది కొత్తా అంటే కాదు. 1990లలో దూరదర్శన్‌లో వచ్చిన ‘శ్రీమాన్ శ్రీమతి’ సీరియల్‌లోనూ ఇలాంటి రెండు జంటలే. అక్కడా సినిమా నటి భర్త దిల్‌రుబా ఇంటిపట్టున ఉండేవాడు, అక్కడా అతనే నవ్వులాట. ఇరవై ఏళ్లలో సెట్లు మారాయి, ఛానెళ్లు మారాయి, ఆ జోకు మాత్రం అలాగే ఉంది.

మనమేం తక్కువ తినలేదు. ‘ఉద్యోగం పురుష లక్షణం’ అని పిల్లాడికి నేర్పుతాం. భార్యకు కూరలు తరిగిచ్చే మగాణ్ణి ‘కొంగు పట్టుకు తిరుగుతాడు’ అంటాం. హైదరాబాద్‌లో ఇద్దరూ సాఫ్ట్‌వేర్ ఉద్యోగాలు చేసే ఇంట్లో కూడా, అత్తగారు వచ్చే రోజు అల్లుడు గరిటె దాచేస్తాడు. 2024 కేంద్ర టైమ్ యూజ్ సర్వే ప్రకారం, జీతం లేని ఇంటి పనికి ఆ పని చేసే మహిళలు రోజుకు 289 నిమిషాలు పెడుతుంటే, మగవాళ్లు 88 నిమిషాలే పెడుతున్నారు. ఈ తేడాకు మన నవ్వులు కూడా ఒక కారణమని నేను గట్టిగా నమ్ముతాను. ఎగతాళి చేస్తారన్న భయం ఉన్నచోట ఏ కుర్రాడు చీపురు పడతాడు?

అనిత సంపాదనతో నడిచే ఇంట్లో విభూతి వంట చేస్తే, అది ఆ ఇంటికి అతను పెట్టే కష్టం. అతన్ని చూసి నవ్వడానికి తివారీ భార్య అంగూరీ గుమ్మం దగ్గర అతను పడే తిప్పలు చాలు.