మాతృభాష గడికి ఒక పాత గుమస్తా ఉత్తరం

అక్కయ్యపాలెం,
విశాఖపట్నం.

మహారాజశ్రీ మాతృభాష గడి గారికి,

నమస్కారాలు. ఉభయకుశలోపరి. ఇక్కడ మేమంతా క్షేమం. కులం గడికీ పుట్టుమచ్చల గడికీ మధ్య మీరు కూడా ఎప్పట్లాగే ఇరుక్కుని క్షేమంగా ఉన్నారని మొన్న మా మనవరాలి ఒకటో తరగతి అడ్మిషన్ ఫారంలో చూశాను. మనది పాత పరిచయం. మీరు గుర్తుపట్టకపోవచ్చు. ఉద్యోగం చేసినన్నాళ్లూ మిమ్మల్ని నింపడమే నా పని.

ముందు మీ అదృష్టం గురించి చెప్పుకోవాలి. ఆ ఫారంలో మీకున్న హోదా ఇంకెవరికీ లేదు. పుట్టిన తేదీకి సర్టిఫికెట్ అడిగారు. కులానికి తాసిల్దారు సంతకం అడిగారు. అడ్రసుకి ఆధార్ కార్డు, బ్లడ్ గ్రూపుకి ల్యాబు రిపోర్టు. పుట్టుమచ్చ కోసం పాప మోచెయ్యి తిప్పి, కళ్లజోడు సర్దుకుని మరీ చూశారు. మీ దగ్గరికి వచ్చేసరికి "తెలుగే కదండీ?" అన్నారు. అంతే. రుజువు లేదు, జిరాక్స్ లేదు. పాప చేత ఒక్క మాట మాట్లాడిద్దామని కూడా ఎవరికీ తోచలేదు.

తోచకపోవడమే మంచిదయింది. ఆ ముందురోజే సీతమ్మధార రైతు బజార్లో చిక్కుడుకాయల ఆవిడ కిలో "నలభై అయిదు" అంటే, మనవరాలు నా వేలు పట్టుకు లాగి "తాతా, నలభై అంటే ఫార్టీయా, ఫిఫ్టీయా?" అని అడిగింది. చిక్కుడుకాయల ఆవిడ నా వైపు చూసిన చూపు నేనిప్పుడు వర్ణించను.

మా ఇంటి సంగతి ఇదీ. నేను అందరితోనూ తెలుగులోనే మాట్లాడతాను. మావాడు స్నేహితులతో తెలుగు, కూతురితో ఇంగ్లీషు. కోడలు కూడా పాపతో ఇంగ్లీషే, కోపం వచ్చినప్పుడు మాత్రం తెలుగు. దాంతో మా మనవరాలి లెక్కలో తెలుగు అంటే తిట్లకు పనికొచ్చే భాష. ఈమధ్య బొమ్మను తిట్టాల్సి వచ్చినప్పుడు తనూ తెలుగులోకి దిగుతోంది. ఉచ్చారణ బాగానే ఉంది.

భాషలు ఎంత ప్రమాదంలో ఉన్నాయో చూడడానికి యునెస్కో పిలిచిన నిపుణులు 2003లో తొమ్మిది కొలతలు రాశారు. అందులో మొట్టమొదటిది, పెద్దవాళ్లు పిల్లలకు ఆ భాష ఇస్తున్నారా లేదా అన్నదే. తాతలు మాట్లాడుతూ, అమ్మానాన్నలకు అర్థమవుతూ, వాళ్లు పిల్లలతో మాత్రం ఆ భాష మాట్లాడకపోతే అది తీవ్ర ప్రమాదం కింద లెక్క. ఈ లెక్కన మా నాలుగో అంతస్తు ఫ్లాటు ఇప్పటికే ఆ మెట్టు మీద కూర్చుంది.

కంగారుపడకండి, తెలుగు చచ్చిపోతోందని గుండెలు బాదుకోవడానికి ఈ ఉత్తరం రాయడం లేదు. 2011 జనాభా లెక్కల్లో మిమ్మల్ని "తెలుగు" అని నింపినవాళ్లు ఎనిమిది కోట్ల పదకొండు లక్షల మంది. అంతకు ముందు పదేళ్ల కిందట దేశంలో మూడో స్థానం, ఈసారి మరాఠీ ముందుకు వెళ్లి మనం నాలుగు. అయినా తెల్లారగట్ట ఫిషింగ్ హార్బర్‌లో చేపల వేలం పాట విన్నవాడు ఎవడూ తెలుగుకి నోరు పడిపోయిందని అనడు. పూర్ణా మార్కెట్లో దానికి రోగం లేదు, రొష్టు లేదు. అక్కణ్నుంచి ఆటో ఎక్కి, లిఫ్టు ఎక్కి మా నాలుగో అంతస్తుకి వచ్చేసరికి మాత్రం నీరసపడిపోతుంది.

ఈ నీరసం మావాడితో మొదలయిందని నేను ఊరంతా చెప్పుకు తిరిగాను. నిజం చెప్పాలంటే నాతోనే మొదలయింది.

మా అమ్మది శ్రీకాకుళం వైపు పల్లెటూరు. "ఏట్రా గుంటడా, బేగి రా, కూడు సల్లారిపోతంది" అనేది. నేను విశాఖపట్నం వచ్చి కాలేజీలో చేరి మొదటిరోజు "బేగి" అన్నాను. క్లాసంతా నవ్వింది. ఆ సాయంత్రమే ఆ మాటను నోట్లోంచి తీసేశాను, పిప్పి పన్ను పీకించుకున్నట్టు. తర్వాత ఉద్యోగం వచ్చి, ఆఫీసువాళ్లు ఇంటికొస్తే "అమ్మా, బేగి కాదే, తొందరగా అనాలి" అని వాళ్ల ముందే దిద్దాను. ఆవిడ వాళ్లు వెళ్లేదాకా వంటింట్లోంచి బయటికి రాలేదు. "మాతృభాష" అంటే అక్షరాలా తల్లి నోటి మాట కదా. ఆ లెక్కన నా ఫారాల్లో నేను మిమ్మల్ని ఏనాడూ నిజంతో నింపలేదు. పుస్తకాల తెలుగు రాసి, అమ్మది వంటింట్లో ఉంచేశాను.

ఇది ఇంటి దొంగతనం. అసలు నేరం కొండ మీద చేశాను.

ఎనభైల్లో నాకు పాడేరు వైపు ఒక బళ్లో గుమస్తా ఉద్యోగం. అప్పటికి అదంతా మన జిల్లాలోనే ఉండేది. 2022లో కదా అల్లూరి సీతారామరాజు జిల్లా అయింది. జూన్ నెలలో అడ్మిషన్లు. తండ్రులు పిల్లల్ని తీసుకొచ్చి వరసలో నిలబడేవారు. వాళ్లలో వాళ్లు ఒక మాట, నాతో ఒక మాట. ఒక కుర్రాణ్ని "నీ భాషేంట్రా?" అని అడిగితే "గదబ" అన్నాడు. "అది కులంరా. భాష చెప్పు" అన్నాను. వాడు తండ్రి వైపు చూశాడు. తండ్రి నేల వైపు చూశాడు. నేను గడియారం వైపు చూసి మీలో "తెలుగు" అని రాశాను.

గదబ అనే ఆ ఒక్క పేరు కింద రెండు భాషలున్నాయని నాకు చాలా ఏళ్లకు తెలిసింది. ఒకటి ముండా అనే వేరే భాషా కుటుంబంలోది, కొండల్లోని సవర భాషకు చుట్టం. రెండోది ద్రావిడం, మనకు చుట్టం. రెండింటికీ ఒకదానితో ఒకటికి చుట్టరికమే లేదు. ఆ కుర్రాడిది ఏదో కనుక్కోవడానికి రెండు నిమిషాలు చాలు. వెనక నలభై మంది ఉన్నారు, నాకు టీ టైమయింది.

ఇంకో సంగతి కూడా మీరే భరించారు కాబట్టి చెప్పేస్తాను. "తెలుగు" అని రాసింది పేజీలో మొదటి పేరు దగ్గర మాత్రమే. ఆ కింద అన్నీ డిట్టోలే. గదబ, కువి, కూబి, ఆదివాసీ ఒడియా, ఎవరు ఏది మాట్లాడినా రెండు చిన్న గీతలు. భాషల్ని చంపడానికి కత్తులూ ఫిరంగులూ కావాలనుకుంటారు జనం. నాకు ఒక రేనాల్డ్స్ పెన్ను సరిపోయింది.

ఏం పోయిందంటారా? ఒక ముక్క చెప్తాను. ఒకప్పుడు మన ఆంధ్ర విశ్వవిద్యాలయంలో పాఠాలు చెప్పిన భద్రిరాజు కృష్ణమూర్తి గారు కొండదొరల భాష మీద పెద్ద పుస్తకం రాశారు. 1969లో అచ్చయింది. కూబి అన్నా కొండ అన్నా ఆ భాషే. బండి ఱ ఉంది చూశారూ, మనం అక్షరాన్ని అటక మీద పెట్టి శబ్దాన్ని ఎప్పుడో పారేసుకున్నాం. ఆ పాత శబ్దాన్ని కూబి వేరుగా, భద్రంగా నిలుపుకుంది. మన తాతముత్తాతల నగ ఒకటి పొరుగింట్లో దాచి ఉంటే, వాళ్ల తలుపు మీద మన పేరు బోర్డు కొట్టినట్టుంది నేను చేసిన పని. ఇప్పుడు చాలామంది కొండదొరలకు ఇంట్లో కూడా తెలుగే. వాళ్లను తప్పుపట్టలేం. సంతలో తెలుగు, బస్సులో తెలుగు, బ్యాంకులో తెలుగు, బళ్లో అయ్యవారిది తెలుగు. కొడుక్కి ఏది కడుపు నింపుతుందో తండ్రికి తెలుసు. మావాడు తన కూతురితో ఇంగ్లీషు మాట్లాడడానికి చెప్పే కారణం కూడా సరిగ్గా ఇదే. నేను మావాడి మీద అరుస్తాను. కొండ మీది తండ్రి మాత్రం నా మీద అరవలేదు.

మీ పెద్దన్నయ్య ఢిల్లీలో ఉంటారు, జనాభా లెక్కల ఫారంలో. ఆయన కథ ఇంకా గొప్పది. 2011లో జనం ఆయనలో రాయించిన పేర్లు 19,569. ఏరి, దులిపి, కలిపి 1,369 మాతృభాషలు చేశారు. వాటిని మళ్లీ గుంపులు కట్టి 121 భాషలు తేల్చారు. ఆ పట్టికలో పేరు కనబడాలంటే కనీసం పదివేలమంది ఉండాలి. 1971 నుంచీ అదే పద్ధతి. 9,999 మంది మాట్లాడితే మీరు "ఇతరములు". రేషన్ కార్డులో పేరు లేనివాడికి బియ్యం రానట్టే, పట్టికలో పేరు లేని భాషకు పుస్తకం రాదు, అయ్యవారు రారు. పుస్తకం లేని భాష మాకెందుకని మాట్లాడేవాళ్లు ఒక్కొక్కరే తగ్గుతారు. తగ్గారు కాబట్టి వచ్చేసారీ పేరుండదు. ఈ గానుగ చుట్టూ తిరిగే ఎద్దుకు దాహం కూడా వెయ్యదు.

మన పోర్టు నుంచి ఓడ ఎక్కితే అండమాన్‌లోని పోర్ట్ బ్లెయిర్ వెళ్లొచ్చు, 2024లో దాని పేరు శ్రీ విజయపురం అని మార్చారనుకోండి. ఆ దీవుల్లో బో అనే భాష ఉండేది. బ్రిటిష్‌వాళ్లు 1858లో అక్కడ ఖైదీల స్థావరం పెట్టారు, వెనకాలే రోగాలు దిగాయి, మనుషులే పోయారు. చివరికి బోవా సీనియర్ అనే ముసలమ్మ ఒక్కతే మిగిలింది. తన మాట వినేవాళ్లు లేక పిట్టలతో మాట్లాడేదని ఆమె గొంతు రికార్డు చేసిన భాషా శాస్త్రవేత్త అన్వితా అబ్బి చెప్పారు. ఆమె 2010 జనవరి 26న పోయింది. బీచ్ రోడ్లో మనం ఆ రోజు జెండా వందనం చేసి మిఠాయిలు తిన్నాం. అక్కడ మనుషులు పోయి భాష పోయింది. మా కొండల్లో, మా ఫ్లాట్లో మనుషులందరూ నిక్షేపంగా ఉన్నారు, కాలక్షేపానికి సీరియల్ కూడా చూస్తున్నారు.

ఇక ఆగస్టు 29. గిడుగు రామమూర్తి పంతులు గారి పుట్టినరోజు, తెలుగు భాషా దినోత్సవం. నేను కిందటేడు ఒక సభకు వెళ్లాను. బ్యానర్ మీద "సెలబ్రేషన్స్" అని ఉంది. వక్తలందరూ వ్యావహారిక భాష గురించి గ్రాంథికంలో మాట్లాడారు. ఆయన పర్లాకిమిడిలో పాఠాలు చెప్పుకుంటూనే సవర భాష నేర్చుకున్నారనీ, వాళ్ల భాషలోనే పిల్లలకు వాచకాలు రాసి, సొంత డబ్బుతో బళ్లు పెట్టారనీ, ఆయన రాసిన సవర భాష పుస్తకాన్ని 1931లో మద్రాసు ప్రభుత్వం అచ్చువేసిందనీ ఒక్కరూ అనలేదు. నేనూ అనలేదు. సన్మానం శాలువా కప్పుకుని, ఆయన ఫొటో ముందు నిలబడి, నా డిట్టోలు గుర్తొచ్చి గొంతు పట్టేసింది. జనం అది భాషాభిమానం అనుకుని చప్పట్లు కొట్టారు.

అంచేత తమతో ఒక మనవి. తమరు కాస్త వెడల్పు కండి. "మాతృభాష" అని ఒక్క ముక్క అడిగి ఊరుకోకండి. ఇంట్లో పిల్లను నిద్రపుచ్చేది ఏ భాషలో, చిల్లర లెక్కపెట్టేది ఏ భాషలో, కాలికి రాయి తగిలితే వచ్చే మొదటి మాట ఏ భాషలో అని అడగండి. కొండ మీద కుర్రాడు "గదబ" అంటే "ఏదీ, ఒక మాట చెప్పు నాన్నా" అని అడిగేంత చోటు పెట్టుకోండి. నాలాంటి గుమస్తాకు టీ ఆలస్యమైతే అవనివ్వండి.

ఇంత రాశాక, మనవరాలి ఫారంలో ఏం రాయాలో తేల్చుకోలేక మిమ్మల్ని ఖాళీగా వదిలేసి మావాడి చేతికిచ్చాను. వాడు ఆ వివరాలన్నీ ఫోన్లో ఎక్కించాడు.

"మాతృభాష నింపలేదురా" అన్నాను.

"అది నింపక్కర్లేదు నాన్నా. తెలుగు అని ముందే పడి ఉంటుంది" అన్నాడు.

ఇట్లు,
తమ పాత గుమస్తా.