పదిహేడో విస్తరాకు

విజయనగరంలో రాజుల లెక్క తప్పితే అది చిన్న నేరం కాదు. సోమవారం గ్రీవెన్సులో అర్జీ పెట్టవలసిన సంగతి.

అర్జీ ఏమిటంటే: పోటీ పరీక్షల కోచింగు గదుల్లో నల్లబోర్డు పైమూల, దేవుడి పటం కింద, ఎవరూ చెరపకూడని మంత్రం ఒకటుంటుంది. 'లేదా వస్తే కూడు, మరియు వస్తే గుణించు.' అంతే. సంభావ్యత (ప్రాబబిలిటీ) అధ్యాయం అక్కడితో సమాప్తం, మంగళం.

మంత్రం పూర్తిగా అబద్ధమైతే బాగుండేది, ఎవరో ఒకరు పట్టుకునేవారు. అప్పుడప్పుడు పనిచేస్తుంది, ఖర్మ. 52 ముక్కల పేకలోంచి ఒక ముక్క తీస్తే రాజో రాణో వచ్చే సంభావ్యత 4/52 + 4/52, అంటే 8/52, కుదిస్తే 2/13. సరిపోయింది. ఎందుకు సరిపోయింది? ఏ ముక్కా ఏకకాలంలో రాజూ రాణీ కాలేదు గనక. ఇలాంటివాటినే పరస్పర వివర్జిత ఘటనలంటారు: ఒకటి జరిగిందంటే రెండోది జరగనట్టే. కూడుకోమని అనుమతిచ్చింది ఈ షరతు, 'లేదా' అనే మాట కాదు. సారు షరతు చెరిపేసి మాట ఉంచుకున్నారు.

ఇప్పుడు రాజు గానీ ఆటీను గానీ రావాలి. పేకలో రాజులు 4, హార్టు గుర్తున్న ఆటీన్లు 13. మంత్రం ప్రకారం 4/52 + 13/52 = 17/52.

సరే, ఈ లెక్క మీద భరోసాతో సిరిమాను నాడు పేకముక్కలకి భోజనాలు పెడదాం. పిలుపులు రాజులందరికీ, ఆటీన్లందరికీ. సారు స్వయంగా రిజిస్టరు చూసి 17 ఆకులు వేయించారు. ముద్దపప్పు, ఆవపెట్టిన పనసపొట్టు కూర, పులిహోర వడ్డన అయిపోయింది. బంతిలో కూర్చున్నది 16 మంది. 'ఇంకో మడిసి రాలేదేటి బావూ?' అని వంటమేస్త్రి గరిటె పట్టుకుని అరుపు. 'లెక్క కరెక్టే, మనిషే దారి తప్పాడు' అని సారు తీర్పు. మైకులో చాటించారు: 'పదిహేడో అతిథి ఎక్కడున్నా మూడు లాంతర్ల దగ్గరికి రావలెను!' గంటస్తంభం చుట్టూ చూశారు. పెద్దచెరువు గట్టున చూశారు. ఒక కుర్రాణ్ణి కాంప్లెక్సుకి పంపి రాజాం బస్సు, పార్వతీపురం బస్సు ఎక్కి చూడమన్నారు. ఇక్కడ ఆకులో పప్పు చల్లారి పైన పొర కట్టింది. అంతసేపూ ఆటీను రాజు తలొంచుకుని పులిహోర కలుపుకుంటున్నాడు. రాజుల జాబితాలో ఒకడూ ఆయనే, ఆటీన్ల జాబితాలో ఒకడూ ఆయనే. రెండు రేషన్ డిపోల్లో పేరున్నా పొట్ట ఒక్కటే కదా! చివరికి ఆయనే లేచి 'ఆ రెండో పేరూ నాదేనండీ, నానిక్కడే కూకున్నాను' అంటే సారు ఒప్పుకోలేదు. మంత్రంలో తీసివేత లేదట.

ఉంది సార్. రెండు జాబితాల్లోనూ పడ్డవాణ్ణి ఒకసారి కొట్టేయాలి. 4/52 + 13/52 − 1/52 = 16/52, అంటే 4/13.

పాచిక దగ్గర మంత్రం ఇంకా రెచ్చిపోతుంది. ఆరుసార్లు వేస్తే కనీసం ఒక్క ఆరు పడే సంభావ్యత? 1/6ని ఆరుసార్లు కూడితే 1, అంటే పడి తీరాలి. ఏడోసారి కూడా వేస్తే 7/6. ఖాయం కన్నా ఖాయం! మొదటిసారీ, రెండోసారీ కూడా ఆరు పడొచ్చు. అవి వివర్జితాలు కావు. అసలు పడనిదాని లెక్క చూసి ఒకటిలోంచి తీసేయాలి: 1 − (5/6)^6, సుమారు 0.665. మూడో వంతు సార్లు ఆరు మొహం చూపించదు.

ఇంకో ఘనకార్యం: 'వివర్జితాలంటే సంబంధం లేనివి, కాబట్టి స్వతంత్రాలు.' ఒకటి జరిగిందని తెలిసినా రెండోదాని సంభావ్యత మారకపోతేనే స్వతంత్రాలు; నేరుగా గుణించుకోవడానికి అనుమతి వాటికే. ఆస్తి తగాదా పడిన అన్నదమ్ముల్ని చూడండి. 'ఆడొస్తే నాను రాను' అనేవాడికి తమ్ముడితో సంబంధం లేదా? పందిట్లో వాడి చెప్పులు కనబడగానే వీడు వెనక్కి తిరుగుతాడు. అంతకన్నా గట్టి సంబంధం ఉంటుందా? పాచిక మీద 5 పడిందని తెలిస్తే సరిసంఖ్య పడే సంభావ్యత 1/2 నుంచి సున్నాకి పడిపోతుంది. ఒక్కసారి వేసి రెండూ కావాలంటే, 1/2ని 1/6తో గుణించి 1/12 అని రాసేవాణ్ణి ఏం చెయ్యాలి?

వాణ్ణి ఏమీ చెయ్యక్కర్లేదు, పాపం వాడికి అలా నేర్పారు. పలాస అవతల జీడితోట తాకట్టు పెట్టి, చెన్నైలో సెంట్రింగు పనికెళ్లిన తండ్రి పంపిన డబ్బుతో ఫీజు కట్టి, అయిదింటికి లేచి బస్సెక్కి వచ్చిన పిల్లకి ఈయన అమ్మేది ఇది! 'రెండూ ఒకేసారి జరగగలవా?' అని అడిగించడానికి ఎంతసేపు పడుతుంది? మూడు సెకన్లు. ఆ మూడు సెకన్లు మిగల్చడాన్ని షార్ట్‌కట్ అంటున్నాడు. సిగ్గుండాలి. కేంద్ర ప్రభుత్వ ఉద్యోగాలకి పెట్టే స్టాఫ్ సెలక్షన్ సీజీఎల్ పరీక్షలో, రెండో అంచె మొదటి పేపరు లెక్కల్లో సరైన జవాబుకి 3 మార్కులు, తప్పుకి 1 కోత. ఒక్క ఆటీను రాజు దగ్గర పిల్ల 4 మార్కులు కిందకి జారుతుంది.

ప్రశ్న తయారుచేసేవాడు మాత్రం ఇలాంటి సార్లని ఎరిగినవాడే. నాలుగు ఆప్షన్లలో ఒకటిగా 17/52 పెట్టి కూర్చుంటాడు. కీ వచ్చాక సారు బోర్డు ముందు నిలబడి, 'కీ తప్పు, అందరూ అబ్జెక్షన్ పెట్టండి' అంటారు. అబ్జెక్షన్‌కి ఒక్కో ప్రశ్నకీ రుసుము పిల్లలే కట్టుకోవాలి.