మహారాజశ్రీ ఆవాల దిండు గారి దివ్యసముఖానికి

చీపురుపల్లి దగ్గర ఓ పల్లెలో, పురిటికి పుట్టింటికి వచ్చిన బాలింత రాసుకొను విన్నపం.

ఉభయకుశలోపరి అని మొదలుపెట్టడం మర్యాదే. కానీ తమరి కుశలానికీ మా పాప కుశలానికీ పొత్తు కుదరడం లేదు. అందుకని నేరుగా విషయానికి వస్తాను.

నాకు నొప్పులు మొదలవకముందే తమరు తయారు. పోపులో నాలుగు ఆవాలు ఎక్కువైతే ధరలు ఏకరువు పెట్టే మా అమ్మ, తమరి కోసం కిలో ఆవాలు కొని, చెరిగి, ఎండబెట్టి, పాత వాయిల్ చీర ముక్కలో పోసి చేత్తో కుట్టింది. పాపకి అప్పటికింకా పేరు పెట్టలేదు. తమరికి మాత్రం ఉద్యోగం ఖాయమైపోయింది: తల గుండ్రంగా చెక్కే ఆస్థాన శిల్పి. "గుంటకి తల సొట్టబడిపోతే రేపొద్దున పెళ్లెలాగవుద్దే?" అని మా నాన్నమ్మ దిగులు. ఆ పెళ్లికూతురికి అప్పటికి మెడ కూడా నిలబడలేదు.

తమరి పనితనం నేను దగ్గర నుంచి చూశాను. తల ఎటు తిరిగితే అటు ఆవాలు జరజరా జరిగి గుంట పడుతుంది, తల అందులో ఒదిగిపోతుంది. అదే తమరి గొప్పంటారు. తల బదులు ముఖం తిరిగినా తమరు అంతే ప్రేమగా ఒదిగిపోతారు కదా! ముక్కు అందులో కూరుకుంటే వదిలిన గాలే మళ్లీ పీల్చాలి, తల ఎత్తి తప్పించుకునే బలం పసిదానికి లేదు. వెల్లకిలా ఉన్నా తమరు తలని పైకి లేపితే గడ్డం గుండెకి ఆనుకుని గాలి గొట్టం ఇరుకవుతుంది. 2022 నవంబరులో అమెరికా ఆహార, ఔషధ నియంత్రణ సంస్థ తల ఆకారం కోసం అమ్మే దిండ్లు పసిపిల్లలకు వాడొద్దని, ఊపిరాడని ప్రమాదం ఉందని హెచ్చరించింది. అమెరికా దాకా తమరి కీర్తి పాకినందుకు అభినందనలు.

ఇక సొట్ట సంగతి. ఎప్పుడూ ఒకే వైపు తల పెట్టి పడుకుంటే కొంచెం చదునవుతుంది, నిజమే. ఒక పూట తల ఇటు, ఒక పూట అటు తిప్పి పడుకోబెట్టి, మెలకువగా ఉన్నప్పుడు ఎదురుగా కూర్చుని కాసేపు బోర్లా ఆడిస్తే చాలు. కూర్చోవడం వచ్చాక చాలామందికి తల మెల్లగా దానంతటదే సర్దుకుంటుంది. ఈ పనికి కిలో ఆవాలు అక్కర్లేదు.

తమరి వకీళ్లు ఇంకో వాదన తెస్తారు: వెల్లకిలా పడుకుంటే, కక్కితే పొలమారదా అని. ఆ భంగిమలో గాలి గొట్టం పైన, ఆహార గొట్టం కింద ఉంటాయి. వెనక్కి వచ్చిన పాలు గాలి గొట్టంలోకి పోవాలంటే పైకి ఎక్కాలి. బోర్లా పడుకోబెడితే అది తలకిందులవుతుంది. పక్కకి పడుకోబెడితే ఎప్పుడు బోర్లా దొర్లుతుందో చెప్పలేం. అమెరికాలో 1994లో వెల్లకిలా నిద్ర గురించి పెద్ద ప్రచారం చేశాక, నిద్రలో హఠాత్తుగా చనిపోయే పసిపిల్లల సంఖ్య కొన్నేళ్లలోనే దాదాపు సగానికి తగ్గింది. అసలు మనకి ఇది కొత్తా? బోర్లా పడితే బొబ్బట్లు పంచుతాం. అంటే అప్పటిదాకా వెల్లకిలా ఉన్నట్టే కదా! మన పెద్దవాళ్లు ఈ పరీక్షలో ఏనాడో పాసయ్యారు. మార్కులు పోతున్నది తమరి దగ్గరే.

తమరొక్కరే అయితే సరిపెట్టుకునేదాన్నేమో. తమరి పరివారమో! బారసాలకి వచ్చిన గులాబీ రంగు బెడ్ సెట్టు, దానికి అటొకటి ఇటొకటి బొద్దు దిండ్లు, పాపకంటే లావైన ఎలుగుబంటి బొమ్మ, అత్తవారు పంపిన బొంత, ఉక్కపోతకి మేమే అల్లాడుతుంటే నెత్తిన ఉన్ని టోపీ. తమరి కింద దిష్టికని ఇనప మేకు. వీటన్నిటి మధ్య పిల్ల ఎక్కడుందో వెతుక్కోవాలి. పైగా దూలానికి చీర ఉయ్యాల. అందులో నడుం వంగి, గడ్డం మళ్లీ గుండె మీదకే.

పధ్నాలుగో రోజు ఆశా కార్యకర్త వస్తుందని తెలిసి మా అమ్మ తమరిని బియ్యం డబ్బా వెనక దాచింది. ఆవిడ చూసి "పక్క మీద ఏమీ లేదు, మంచిదమ్మా" అని మెచ్చుకుంది. ఆవిడ వీధి మలుపు తిరక్కుండానే తమరు మళ్లీ సింహాసనం మీద. ఆఫీసర్ వచ్చినప్పుడు మాయమయ్యే కళ తమరెక్కడ నేర్చుకున్నారో గానీ, బాగా వచ్చు.

అందుకే ఆ రాత్రే తమరిని పదవి నుంచి తప్పించాను. నా మంచం పక్కనే, చెయ్యి చాస్తే అందేలా, గట్టి పరుపు మీద పొందూరు ఖద్దరు గుడ్డ ఒకటి బిగించి పరిచి, పాపని వెల్లకిలా పడుకోబెట్టాను. ఇంకేమీ లేదు. మా అమ్మ కళ్లనీళ్లు పెట్టుకుంది. "దిక్కులేని పిల్లలాగ ఒట్టి పక్క మీద పడీసినావేటే" అంది. ఆవిడ బాధ నాకు అర్థమైంది. మా వైపు ప్రేమని గుడ్డల లెక్కన చూస్తారు. నాలుగు పొరలు కప్పితే గారాబం, పక్క ఖాళీగా ఉంటే కరువు. ఈ లెక్క తమరి కంటే పాతది, దీన్ని కుట్టు విప్పి పారబోయలేం. ఆవిడ్ని రోజూ పక్కన కూర్చోబెట్టి, పాప పొట్ట లేచి పడడం చూపిస్తున్నాను. ఏమీ అడ్డం లేకపోతే అది ఎంత బాగా కనిపిస్తుందో!

చివరగా ఒక విషయం తమరి దృష్టికి తేవాలి. తమరి స్థానంలో చోళ్ల (అదే, రాగుల) దిండు కుట్టించే ప్రయత్నం జరుగుతోందని వంటింటి నుంచి వార్త. "ఆవాలు వేడి, చోళ్లు చలవ" అని నాన్నమ్మ తీర్పు కూడా ఇచ్చేసింది. వారు పదవీ స్వీకారం చేసేలోగా ఈ ఉత్తరం నకలు ఒకటి వారికి కూడా అందజేయగలరు.

ఇట్లు,
తమరి మాజీ యజమానురాలు