సవరణ: ఫిషర్ టైగర్ చావు గురించి

‘వన్ పీస్’ అనే జపనీస్ కామిక్ (మాంగా)లో బానిసత్వం, జాతి వివక్షల మీద పోయినవారం రాసిన పోస్టులో పప్పులో కాలేశాను. మనుషులు రక్తం ఇవ్వకపోవడం వల్లే మత్స్యమానవుల ఓడదొంగల నాయకుడు ఫిషర్ టైగర్ చనిపోయాడని రాశాను. అది టైగర్ ముఠాలోని ఆర్లాంగ్ పట్టుబడ్డాక నౌకాదళానికి చెప్పిన అబద్ధం. దాన్నే నేను నిజమనుకుని రాసేశాను.

అసలు సంగతి 63వ సంపుటంలో అదే ముఠాలోని జింబే చెబుతాడు. కోఆలా అనే పిల్లని సొంతూళ్లో దిగబెట్టి వస్తుంటే నౌకాదళం కాపుకాసి టైగర్‌ని కాల్చింది. టైగర్ అనుచరులు ఆ నౌకాదళం ఓడనే లాక్కుని బయటపడ్డారు. ఓడలో రక్తం ఉంది, కానీ మనుషులది. వద్దన్నది టైగరే. తనూ ఒకప్పుడు సెలెస్టియల్ డ్రాగన్స్ (బానిసల్ని పెట్టుకునే ప్రభువర్గం) దగ్గర బానిసనని అప్పుడు చెబుతాడు. బుర్రకి అంతా తెలుసు, ఒళ్లే ఆ రక్తాన్ని ఒప్పుకోవట్లేదంటాడు.

ఇది చిన్న తేడా కాదు. ఆ అబద్ధం లాంటి కథలు వింటూ పెరిగినవాడే మనుషుల్ని ద్వేషించే మత్స్యమానవుడు హోడీ జోన్స్. మనుషులు నీకేం చేశారని అడిగితే ‘ఏమీ లేదు’ అంటాడు! నా పోస్టు ఆ సీన్‌నే దెబ్బతీసింది.

ఇంకోటి. టైగర్ ముఠా ఒంటి మీద ఉండే సూర్యుడి గుర్తుని బానిస ముద్ర అన్నాను, అదీ తప్పే. బానిస ముద్ర డ్రాగన్ గిట్ట. దాన్ని కప్పేయడానికే పైన సూర్యుణ్ణి వేసుకున్నారు. ఎవరు బానిసో తెలియకూడదని, ఎన్నడూ బానిసలు కానివాళ్లూ వేయించుకున్నారు.