సవరణ: క్లారా పొన్సాతీ విషయంలో స్కాట్లాండ్ కోర్టు తీర్పేమీ ఇవ్వలేదు

స్పెయిన్‌లోని కాటలోనియా ప్రాంత స్వాతంత్ర్యోద్యమ నాయకురాలు, ఆర్థికశాస్త్ర ఆచార్యురాలు క్లారా పొన్సాతీ గురించి నేను రాసిన పోస్టులో, 'ఆమెను స్పెయిన్‌కు అప్పగించడానికి స్కాట్లాండ్ కోర్టు నిరాకరించింది' అని పేర్కొన్నాను. అది తప్పు.

2017లో కాటలోనియా విద్యాశాఖ మంత్రిగా కొన్ని నెలలే పనిచేసిన పొన్సాతీ, ఆ తర్వాత తాను పాఠాలు చెప్పే, స్కాట్లాండ్‌లోని సెయింట్ ఆండ్రూస్ విశ్వవిద్యాలయానికి తిరిగి వెళ్లారు. కాటలోనియా స్వాతంత్ర్య ప్రయత్నానికి సంబంధించిన కేసులో స్పెయిన్ జారీ చేసిన అరెస్టు వారంటుపై, 2018 మార్చి 28న ఎడిన్‌బరోలో పోలీసులకు లొంగిపోయి, అదే రోజు బెయిలుపై బయటకు వచ్చారు. అయితే అక్కడి కోర్టు అప్పగింతపై తేల్చకముందే, ఆ జులైలో స్పెయిన్ సుప్రీంకోర్టు న్యాయమూర్తి తానే వారంటును ఉపసంహరించుకున్నారు. అదే కేసులో ఉన్న కాటలోనియా మాజీ అధ్యక్షుడు పుజ్‌డెమాన్‌ను తిరుగుబాటు అభియోగంపై అప్పగించడం కుదరదని, నిధుల దుర్వినియోగం ఆరోపణపై మాత్రమే పంపగలమని జర్మనీ కోర్టు చెప్పిన కొద్ది రోజులకే ఇది జరిగింది. తిరస్కరణ అనే మాట జర్మనీకి కొంతవరకు వర్తిస్తుంది. నేను దాన్ని స్కాట్లాండ్‌కు అంటగట్టాను. 2019లో మళ్లీ జారీ అయిన వారంటు మీది విచారణ కూడా, ఆమె బెల్జియానికి మారిపోయినందున, 2021లో తీర్పు లేకుండానే ముగిసింది.

అప్పటి పత్రికా కథనాలను తేదీల వారీగా సరిచూసుకున్నాకే ఇది రాస్తున్నాను. పాత పోస్టులో ఆ వాక్యాన్ని మార్చాను.

ఇంకొకటి: ఆమె 2019 ఎన్నికల్లోనే ఐరోపా పార్లమెంటులో అడుగుపెట్టారని కొందరు అర్థం చేసుకున్నారు. పోటీ చేసింది అప్పుడే అయినా, బ్రెగ్జిట్‌తో స్పెయిన్‌కు అదనపు స్థానాలు దక్కాక, 2020 ఫిబ్రవరిలోనే ఆమె సభ్యురాలయ్యారు.